శ్వేతసౌధం వదిలిన తరువాత: ఏ అధ్యక్షుల మలిజీవితం పదవీకాలాన్ని మించింది?

ప్రశ్న: రాజనీతిశాస్త్ర అధ్యాపకుడు, రాజమహేంద్రవరం

సభ్యులందరికీ నమస్కారం. నేను డిగ్రీ కళాశాలలో రాజనీతిశాస్త్రం బోధిస్తాను. అమెరికా అధ్యక్షుల జీవితాలపై వచ్చే నెల మూడో సంవత్సరం విద్యార్థుల ముందు గంటసేపు ప్రసంగించవలసి ఉంది. మా పాఠ్యపుస్తకాలలో ఉన్నదంతా ఎన్నికలు, పదవీకాలం, ఆ నాలుగేళ్లలోనో ఎనిమిదేళ్లలోనో వచ్చిన యుద్ధాలు, చట్టాలు. ప్రమాణస్వీకారం నాడు పుట్టి, పదవి దిగిన నాడు కన్నుమూశారా అన్నట్టుగా ఆ అధ్యాయాలు ముగుస్తాయి. యాభై ఆరేళ్లకే పదవి దిగి, ఆ తరువాత ఇంకో నలభై మూడేళ్లు బతికిన జిమ్మీ కార్టర్ వంటివారికి ఆ అధ్యాయం ఏమి చెబుతుంది?

అందుకే ఈసారి పదవి అనంతర జీవితాన్నే ప్రసంగానికి అంశంగా తీసుకున్నాను. శ్వేతసౌధంలో ఉన్నప్పటికంటే, అక్కడి నుంచి బయటికి వచ్చాక ఎక్కువ విలువైన పని చేసినవారు ఎవరు? అందుకు వారిని సిద్ధం చేసినది ఏమిటి? విద్యార్థులు వెంటనే కార్టర్ పేరు చెబుతారు, అది సహజమే. ఆయన కాక మరెవరున్నారో, వారి జీవితాల నుంచి ఏ సంఘటనలను దగ్గరగా చూపించవచ్చో తెలిసినవారు సెలవివ్వగలరు.

జవాబు 1: విశ్రాంత చరిత్రోపాధ్యాయుడు, తెనాలి

మాస్టారూ, మీ ప్రసంగాన్ని జాన్ క్విన్సీ ఆడమ్స్‌తో మొదలుపెట్టమని నా సలహా. అమెరికా చరిత్రలో అధ్యక్ష పదవి చేసిన తరువాత ప్రతినిధుల సభకు ఎన్నికైనవాడు ఆయన ఒక్కడే. 1824 ఎన్నికలో ఎవరికీ మెజారిటీ రాక, నిర్ణయం ప్రతినిధుల సభకు చేరి, ఆండ్రూ జాక్సన్ కంటే తక్కువ ఓట్లు వచ్చిన ఆడమ్స్‌కు పదవి దక్కింది. ఆ మచ్చ నాలుగేళ్లూ ఆయనను వదలలేదు. తలపెట్టిన రహదారులు, కాలువలు, జాతీయ విశ్వవిద్యాలయం, ఖగోళ పరిశోధనాలయం వంటి ప్రణాళికలలో అధికభాగానికి కాంగ్రెస్ అడ్డుపడింది. 1828లో జాక్సన్ చేతిలో ఓడి, 1829లో ఇంటికి వెళ్లిపోయాడు. అక్కడితో ఆగిపోయి ఉంటే, రెండో అధ్యక్షుడైన తండ్రి జాన్ ఆడమ్స్ పేరుతో గుర్తుండే ఒక చిన్న అధ్యక్షుడిగా మిగిలేవాడు.

1830లో మసాచుసెట్స్‌లోని ప్లిమత్ ప్రాంతం వారు ఆయనను ప్రతినిధుల సభకు పంపాలనుకున్నారు. మాజీ అధ్యక్షుడు మామూలు సభ్యుడిగా కూర్చోవడం చిన్నతనం కాదా అని కొందరు సందేహించారు. ప్రజలు ఎన్నుకుంటే ఊరి పాలకవర్గంలో పనిచేయడం కూడా మాజీ అధ్యక్షుడికి తక్కువేమీ కాదని ఆయన సమాధానం. అప్పటికి ఆయన వయసు 63. అక్కడి నుంచి వరుసగా తొమ్మిదిసార్లు గెలిచి, 1831 నుంచి 1848 వరకు సభలోనే ఉన్నాడు.

మీ విద్యార్థులకు దగ్గరగా చూపించదగిన ఘట్టం అర్జీల పోరాటం. బానిసత్వాన్ని రద్దు చేయమని ఉత్తరాది రాష్ట్రాల నుంచి వేలాది మంది సంతకాలతో కాంగ్రెస్‌కు అర్జీలు వచ్చిపడేవి. ఆ విషయంపై వచ్చిన ఏ అర్జీనీ చదవకుండా, చర్చించకుండా పక్కన పడేయాలని 1836లో దక్షిణాది సభ్యులు ఒక నియమం నెగ్గించుకున్నారు. అర్జీ పెట్టుకునే హక్కు రాజ్యాంగం మొదటి సవరణలోనే ఉన్నదని, ఈ నియమం దానికి విరుద్ధమని ఆడమ్స్ లేచి నిలబడ్డాడు. ఎన్ని గొంతులు కూర్చోమని అరిచినా, మరో అర్జీ, ఇంకో అర్జీ అంటూ అందిస్తూనే పోయాడు. 1842లో సభ ఆయనను అభిశంసించడానికి సిద్ధపడితే, తన సమర్థన కోసం ఆయన రోజుల తరబడి మాట్లాడిన మాటల ధాటికి తట్టుకోలేక ప్రత్యర్థులే ఆ తీర్మానాన్ని పక్కన పెట్టుకోవలసి వచ్చింది. 1844 డిసెంబరు 3న ఆ నియమం రద్దయింది. ఎనిమిదేళ్ల పట్టుదల అది.

నాకు బాగా ఇష్టమైన సందర్భం మరొకటి ఉన్నది. 1839లో అమిస్టాడ్ అనే స్పెయిన్ ఓడలో బానిసలుగా తరలిస్తున్న ఆఫ్రికన్లు తిరగబడి ఓడను చేజిక్కించుకున్నారు, చివరకు అమెరికా తీరంలో పట్టుబడ్డారు. వారు స్పెయిన్ వారి ఆస్తియా, స్వేచ్ఛగల మనుషులా అన్న వివాదం సుప్రీంకోర్టుకు చేరినప్పుడు వారి తరఫున వాదించడానికి ఆడమ్స్ ఒప్పుకున్నాడు. అప్పటికి ఆయనకు 73 ఏళ్లు, ఆ న్యాయస్థానంలో నిలబడి వాదించి మూడు దశాబ్దాలు దాటింది. 1841 ఫిబ్రవరి 24న నాలుగు గంటలకు పైగా వాదించాడు. ఆ రాత్రే న్యాయమూర్తులలో ఒకరు నిద్రలోనే మరణించడంతో కోర్టు కొన్ని రోజులు వాయిదా పడింది, మార్చి 1న ఆయన మళ్లీ లేచి మరో నాలుగు గంటలు మాట్లాడాడు. మార్చి 9న తీర్పు వచ్చింది, వారు స్వేచ్ఛాజీవులు. అయితే ఇదే ఆడమ్స్ అంతకు ముందు విదేశాంగ మంత్రిగా, 1812 యుద్ధకాలంలో బ్రిటిష్ సేన వెంట వెళ్లిపోయిన బానిసలకు గాను వారి యజమానులకు నష్టపరిహారం రాబట్టేందుకు బ్రిటన్‌తో వాదించినవాడు. ఈ విషయాన్ని దాచకుండా విద్యార్థులకు చెప్పండి. పదవిలో ఉన్నప్పుడు అనలేకపోయిన మాటను, పదవి లేనప్పుడు ఎలా అనగలిగాడన్నది అప్పుడే వారికి అర్థమవుతుంది.

1848 ఫిబ్రవరి 21న, మెక్సికో యుద్ధంలో పాల్గొన్న సైనికాధికారులను అభినందించే తీర్మానానికి వ్యతిరేకంగా ఓటు వేసి, కొద్దిసేపటికే తన బల్ల దగ్గర కుప్పకూలాడు. కదిలించే స్థితి లేక స్పీకర్ గదిలోనే పడుకోబెట్టారు. రెండు రోజుల తరువాత అక్కడే ప్రాణం విడిచాడు. ఆ సభలో అప్పటికి మొదటిసారి సభ్యుడిగా ఉన్న ఇల్లినాయ్ న్యాయవాది ఒకరున్నారు, ఆయన పేరు అబ్రహాం లింకన్.

వారిని సిద్ధం చేసినది ఏమిటని అడిగారు. నా అభిప్రాయంలో, పదవికి ముందు చేతికి అబ్బిన విద్య. ఆడమ్స్ పద్నాలుగేళ్ల వయసుకే అమెరికా రాయబారికి తోడుగా రష్యా వెళ్లాడు, హార్వర్డ్‌లో వాక్పటిమను బోధించాడు, న్యాయవాది, సెనేటర్, నాలుగు దేశాలలో రాయబారి. వాదించడం ఆయన వృత్తి. శ్వేతసౌధం ఆ వృత్తికి నాలుగేళ్ల అంతరాయం కలిగించింది, అంతే. మిగిలినవారిని కూడా ఈ కోణంలోనుంచి చూస్తే మీ గంటసేపటికి ఒక సూత్రం దొరుకుతుంది.

జవాబు 2: న్యాయవాది, గుంటూరు

పైన తెనాలి మాస్టారు చెప్పిన సూత్రానికి నాకు తెలిసిన గట్టి ఉదాహరణ విలియం హోవార్డ్ టాఫ్ట్. అధ్యక్షుడిగానూ, సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తిగానూ పనిచేసినవాడు అమెరికా చరిత్రలో ఆయనొక్కడే. ఆయన మనసు మొదటి నుంచీ న్యాయపీఠం మీదనే ఉండేది. ఫిలిప్పీన్స్ గవర్నరుగా ఉన్నప్పుడు అప్పటి అధ్యక్షుడు థియోడోర్ రూజ్‌వెల్ట్ సుప్రీంకోర్టు పదవి ఇస్తానంటే, అక్కడి పని సగంలో వదిలి రాలేనని కాదన్నాడు. అధ్యక్ష పదవిపై ఆయన భార్య హెలెన్‌కు ఉన్నంత ఆశ ఆయనకు లేదు. 1909లో అధ్యక్షుడయ్యాడు. 1912లో రూజ్‌వెల్టే ఎదురు నిలబడి పార్టీ ఓట్లు చీల్చడంతో మూడో స్థానానికి పడిపోయాడు. ఆయనకు దక్కినవి రెండు రాష్ట్రాలు, 8 ఎలక్టోరల్ ఓట్లు.

ఆ తరువాత యేల్ విశ్వవిద్యాలయంలో న్యాయశాస్త్రం బోధించాడు. తాను అధ్యక్షుడిగా 1910లో ఎవరిని ప్రధాన న్యాయమూర్తిని చేశాడో, ఆ ఎడ్వర్డ్ వైట్ 1921లో మరణించినప్పుడు, అప్పటి అధ్యక్షుడు హార్డింగ్ ఆ పీఠాన్ని టాఫ్ట్‌కు ఇచ్చాడు. అప్పటి సుప్రీంకోర్టుకు సొంత భవనం లేదు, కాంగ్రెస్ భవనంలోనే పాత సెనేట్ గదిలో కూర్చునేది. చాలా రకాల అప్పీళ్లను తప్పనిసరిగా వినవలసి రావడంతో వ్యాజ్యాలు కుప్పలు పడి ఉండేవి. టాఫ్ట్ పట్టుబట్టి 1925లో చట్టం తెప్పించాడు. చాలా వ్యాజ్యాలలో వినాలో వద్దో కోర్టే నిర్ణయించుకునే పద్ధతి దానితో వచ్చింది. కోర్టుకు సొంత భవనం కావాలని కాంగ్రెస్‌ను ఒప్పించినవాడు కూడా ఆయనే. 1935లో అది పూర్తయ్యేనాటికి ఆయన లేడు, 1930లోనే కన్నుమూశాడు. నాలుగేళ్ల అధ్యక్ష పదవి ఆయనను కుంగదీసింది, తొమ్మిదేళ్ల న్యాయపీఠం ఆయనకు ఊపిరినిచ్చింది.

అయితే ఒక మాట చెప్పకుండా ముగించలేను. పాలనా దక్షత వేరు, తీర్పుల న్యాయం వేరు. 1923లో భగత్ సింగ్ థింద్ అనే పంజాబీ పౌరసత్వం కోరుతూ వేసిన వ్యాజ్యంలో, భారతీయులు పౌరసత్వ చట్టం ఉద్దేశించిన తెల్లవారు కారని, కనుక అర్హులు కారని ఏకగ్రీవంగా చెప్పినది టాఫ్ట్ అధ్యక్షత వహించిన న్యాయస్థానమే. ఆ తీర్పును రాసినది న్యాయమూర్తి సదర్లాండ్ అయినా, టాఫ్ట్ అందులో భాగస్వామి. అప్పటికే పౌరసత్వం పొందిన భారతీయులు కొందరు దానిని పోగొట్టుకున్నారు. 1946లో అధ్యక్షుడు ట్రూమన్ సంతకంతో వచ్చిన చట్టం వల్ల భారతీయులకు పౌరసత్వ హక్కు లభించింది, వలసకు ఏడాదికి వందమంది చొప్పున అవకాశం వచ్చింది. 1965లో లిండన్ జాన్సన్ సంతకం చేసిన చట్టంతో తలుపులు విశాలంగా తెరుచుకున్నాయి. ఈనాడు డల్లాస్‌లోనో న్యూజెర్సీలోనో పిల్లలున్న మన ఇళ్లలో ఈ మూడు తేదీలు తెలిసి ఉండాలని నేను గట్టిగా కోరుకుంటాను.

జవాబు 3: బ్యాంకు ఉద్యోగి, విజయనగరం

నేను డబ్బు లెక్కల మనిషిని కనుక ఆ వైపు నుంచి రెండు మాటలు. 1958 వరకు మాజీ అధ్యక్షులకు ప్రభుత్వం నుంచి పింఛను లేదు. అమెరికా అంతర్యుద్ధ సేనాని యులిసెస్ గ్రాంట్ అధ్యక్షుడు కావడం కోసం సైన్యంలోని హోదాను వదులుకోవడంతో దాని మీద రావలసిన జీతభత్యాలు కూడా పోయాయి. ప్రపంచయాత్ర చేసి, 1879లో మన దేశం కూడా చూసి వెళ్లిన ఆ మనిషి, కొడుకు భాగస్వామిగా ఉన్న ఒక సంస్థలో తన సొమ్మంతా పెట్టాడు. మరో భాగస్వామి చేసిన మోసంతో 1884 మేలో ఆ సంస్థ కూలిపోయింది. దానిని నిలబెట్టాలని చివరి క్షణంలో కోటీశ్వరుడు విలియం వాండర్‌బిల్ట్ దగ్గర చేసిన 1,50,000 డాలర్ల అప్పు మిగిలింది. అప్పు కింద తన యుద్ధ ఖడ్గాలను, పతకాలను అప్పగించాడు. ఆ ఏడాదే గొంతులో కేన్సర్ బయటపడింది.

భార్య జూలియాకు ఏదైనా మిగల్చాలని ఆయన తన యుద్ధ జ్ఞాపకాలు రాయడం మొదలుపెట్టాడు. ప్రచురణకు ముందుకు వచ్చినవాడు మార్క్ ట్వేన్, లాభంలో 70 శాతం రచయితకు ఇస్తానన్నాడు. చివరి రోజులలో గొంతు పెగలక చీటీల మీద పెన్సిలుతో రాసి మాట్లాడేవాడు. పడుకుంటే ఊపిరి ఆడదని రెండు తోలు కుర్చీలు ఎదురెదురుగా వేయించుకుని వాటిలోనే రాత్రులు గడిపాడు. రాత ముగించిన కొద్ది రోజులకే, 1885 జూలై 23న, మరణించాడు. జూలియాకు అందిన మొదటి చెక్కు 2,00,000 డాలర్లు, మొత్తం 4 లక్షలు దాటింది. మాస్టారి సూత్రం ఇక్కడ కూడా నిలుస్తుంది. గ్రాంట్ పుస్తక రచయిత కాకపోవచ్చు, కానీ యుద్ధంలో ఆయన రాసిన ఆజ్ఞలలో రెండో అర్థానికి చోటుండేది కాదు. ఆ వాక్యమే పుస్తకంలోకి వచ్చింది.

పింఛను చట్టం ట్రూమన్ పేదరికం చూసి వచ్చిందని చాలాచోట్ల చదువుతాము. ఆయనకు నెలకు నూటపన్నెండు డాలర్ల సైనిక పింఛను తప్ప ప్రభుత్వం నుంచి ఏమీ రాకపోవడం నిజమే. అయితే జ్ఞాపకాల హక్కులను ఆయన 6,00,000 డాలర్లకు అమ్మిన విషయం కూడా నిజమే, ఆయన ఇబ్బందిని పెంచి చెప్పారని తరువాతి పరిశోధకులు వాదించారు. ప్రసంగంలో ఆ కథ వాడదలచుకుంటే రెండూ చెప్పండి.

ప్రశ్నించినవారి స్పందన

మీ అందరికీ కృతజ్ఞతలు. చేతికి అబ్బిన విద్యే మలిజీవితంలో పైకి వస్తుందన్న సూత్రం నన్ను ఆకట్టుకున్నది. అయినా రెండు సందేహాలున్నాయి. కార్టర్ వేరుశనగ రైతు కదా, ఆ విద్య ఆయన తరువాతి పనికి ఎలా పనికివచ్చింది? ఇక హెర్బర్ట్ హూవర్ ఆకలితో ఉన్నవారికి అన్నం పెట్టిన దిట్ట అని పేరు మోసి పదవిలోకి వచ్చాడు, కానీ ఆర్థిక మాంద్యంలో సొంత ప్రజల ఆకలి తీర్చలేకపోయాడు. విద్య ఉండి కూడా అది పదవిలో ఎందుకు పనిచేయలేదు?

జవాబు 4: విశ్రాంత ఆరోగ్య పర్యవేక్షకుడు, కర్నూలు

అయ్యా, కార్టర్‌ను రైతుగా మాత్రమే చూడకండి. ఆయన నౌకాదళ అకాడమీలో చదివి, అణు జలాంతర్గాముల కార్యక్రమంలో పనిచేసిన అధికారి. 1952లో కెనడాలోని చాక్ రివర్ అణు రియాక్టర్‌లో ప్రమాదం జరిగినప్పుడు దానిని విప్పే బృందంలో ఆయన ఉన్నారు. రేడియేషన్ వల్ల లోపల ఒక్కొక్కరూ నిమిషంన్నర మాత్రమే ఉండగలరు కనుక, టెన్నిస్ మైదానంలో రియాక్టర్ నమూనా కట్టుకుని, ఏ మర ఎవరు విప్పాలో ముందే సాధన చేసి, ఆ తరువాతే లోపలికి దిగారు. 1953లో తండ్రి పోవడంతో నౌకాదళం వదిలి ప్లెయిన్స్ ఊరికి, పొలానికి తిరిగి వచ్చారు. సమస్యను ముక్కలుగా విడగొట్టి లెక్క పెట్టి సాధించే అలవాటు ఆ కాలానిదే.

నేను ఈ మాట ఎందుకు ఇంత గట్టిగా అంటున్నానంటే, పదవి దిగాక నిర్మూలించాలని ఆయన ఎంచుకున్న జబ్బు మా జబ్బు. నారికురుపు. నా చిన్నతనంలో మా అమ్మమ్మ గారి ఊళ్లో మెట్లు దిగి నీళ్లు ముంచుకునే దిగుడుబావి ఉండేది. కాలికి పొక్కు లేచినవారు ఆ మంట తాళలేక నీటిలో కాలు పెట్టేవారు, పొక్కు పగిలి పురుగు పిల్లలు నీళ్లలోకి వెళ్లేవి, నీటిలోని కంటికి ఆనీ ఆనని చిన్న జీవులు వాటిని మింగేవి, ఆ నీళ్లు తాగినవారికి ఏడాది తిరిగేసరికి మళ్లీ అదే పొక్కు. మూరెడు పొడవున్న తెల్లని నారిని అమ్మమ్మ చిన్న పుల్లకు చుట్టి, రోజుకు అంగుళం చొప్పున లాగేది. తెగితే కాలు బొబ్బలెక్కి వాచిపోతుంది కనుక ఆమె ఊపిరి బిగబట్టి చుట్టే తీరు నా కళ్ల ముందు ఇప్పటికీ ఉన్నది. ఆ జబ్బుకు మందు లేదు, టీకా లేదు. నీళ్లు వడపోసుకోవాలి, జబ్బు ఉన్నవారు నీళ్లలోకి దిగకూడదు, అంతే.

మన దేశంలో ఆ జబ్బును తుడిచిపెట్టిన ఘనత భారత ప్రభుత్వం 1980ల ఆరంభంలో చేపట్టిన కార్యక్రమానిదీ, ఊరూరా తిరిగిన మా వంటి కింది సిబ్బందిదీ. దిగుడుబావులను చేదబావులుగా మార్చి, బోర్లు వేసి, వడగుడ్డలు పంచి సాధించాము. 2000లో ప్రపంచ ఆరోగ్య సంస్థ మన దేశాన్ని నారికురుపు లేని దేశంగా ధ్రువీకరించింది. కార్టర్ స్థాపించిన కార్టర్ కేంద్రం అనే సంస్థ ముఖ్యంగా ఆఫ్రికాలో పనిచేసింది. 1986లో ప్రపంచంలో ఏటా 35 లక్షల మందికి ఈ జబ్బు వచ్చేదని అంచనా. 2023లో లెక్కకు వచ్చినవారు 14 మంది. 1995లో సూడాన్ అంతర్యుద్ధంలో ఆరోగ్య సిబ్బంది ఊళ్లలోకి వెళ్లగలిగేలా కార్టర్ స్వయంగా మాట్లాడి కాల్పుల విరమణ సాధించారు, అది దాదాపు ఆరు నెలలు నిలిచింది. మాజీ అధ్యక్షుడన్న పేరు లేకపోతే ఆ తలుపు తెరుచుకునేది కాదు, ఇంజనీరు బుద్ధి లేకపోతే తలుపు తెరుచుకున్నా ఏ ఊళ్లో ఎన్ని వడగుడ్డలు కావాలో లెక్క తేలేది కాదు. కుక్కలలో ఈ పురుగు కనబడుతున్నందువల్ల చివరి మెట్టు ఇంకా మిగిలే ఉన్నది. 2024 డిసెంబరు 29న నూరేళ్లు నిండి ఆయన వెళ్లిపోయారని విన్నప్పుడు నాకు అమ్మమ్మ చేతిలోని పుల్ల గుర్తుకు వచ్చింది.

పదవిలో విఫలుడన్న ముద్ర కూడా నాకు సమ్మతం కాదు. 1978లో ఈజిప్టు, ఇజ్రాయెల్ నాయకులను క్యాంప్ డేవిడ్‌లో పదమూడు రోజులు కూర్చోబెట్టి సాధించిన ఒప్పందం ఆయన అధ్యక్షుడిగా ఉన్నప్పటిదే.

జవాబు 5: విశ్రాంత చరిత్రోపాధ్యాయుడు, తెనాలి

కర్నూలు అన్నగారి జవాబు చదివి చాలాసేపు ఏమీ రాయలేకపోయాను. మీ ప్రసంగానికి ఆ దిగుడుబావిని మించిన ఆరంభం లేదు, ఆడమ్స్‌ను రెండో స్థానానికి జరపండి.

హూవర్ గురించి మీ సందేహం సరైనది, నా సూత్రానికి హద్దు గీసేది కూడా. తొమ్మిదేళ్లకే తల్లిదండ్రులిద్దరినీ పోగొట్టుకున్న ఆయన గనుల ఇంజనీరుగా ఆస్ట్రేలియాలో, చైనాలో పనిచేసి ఎదిగాడు. 1914లో జర్మనీ బెల్జియంను ఆక్రమించినప్పుడు ఆ దేశానికి ఆహారం చేరవేసే సంస్థను నడిపాడు. అది దాతలు, స్వచ్ఛంద సంస్థలు, ప్రభుత్వాల సాయం కలిసి నడిచిన పని, దానికి ఒక్కడి ఆజ్ఞ చాలు. 1929 తరువాత కూడా ఆయన అదే నమ్మకంతో ఉన్నాడు. స్థానిక సంస్థలు, దాతృత్వం ముందుకు రావాలి, కేంద్ర ప్రభుత్వం నేరుగా కుటుంబాలకు సాయం అందించరాదని చాలాకాలం పట్టుబట్టాడు. బెల్జియంలో గెలిపించిన అలవాటే ఇంట్లో ఓడించింది. 1932లో ఫ్రాంక్లిన్ రూజ్‌వెల్ట్‌కు 472, ఆయనకు 59 ఎలక్టోరల్ ఓట్లు. కొలరాడో నది మీది ఆనకట్టకు పెట్టిన ఆయన పేరును కూడా తరువాతి ప్రభుత్వం వాడడం మానేసింది, 1947లో కాంగ్రెస్ తిరిగి ఇచ్చింది.

ఆయనను మళ్లీ పనిలోకి పిలిచినవాడు ఎదుటి పార్టీకి చెందిన ట్రూమన్. 1946లో యుద్ధానంతర కరువును అంచనా వేయమని పంపితే, 71 ఏళ్ల వయసులో విమానంలో 38 దేశాలు తిరిగాడు, వాటిలో మన దేశం కూడా ఉంది. తరువాత ప్రభుత్వ యంత్రాంగాన్ని పునర్వ్యవస్థీకరించే కమిషన్లకు రెండుసార్లు అధ్యక్షత వహించాడు. కనుక విద్య ఒక్కటే చాలదు, దానికి తగిన పనిని ఎవరో చేతికి అందించాలి. టాఫ్ట్‌కు హార్డింగ్, హూవర్‌కు ట్రూమన్, ఆడమ్స్‌కు ప్లిమత్ ఓటర్లు ఆ పని చేశారు. కార్టర్ మాత్రం తనకు తానే పని కల్పించుకున్నాడు, అందువల్లనే ఆయనను వేరుగా చూడాలి.

మరొకటి. ఆడమ్స్ చిన్ననాటి నుంచి రాసిన దినచర్య 51 సంపుటాలు, 14,000 పుటలకు పైబడినది. ఆయన స్వహస్తంతో రాసిన పుటల ఛాయాచిత్రాలను మసాచుసెట్స్ చారిత్రక సంఘం అంతర్జాలంలో ఉచితంగా ఉంచింది. మీ తరగతిలో ప్రొజెక్టరు ఉంటే 1841 ఫిబ్రవరి చివరి వారం పుటలు తెర మీద చూపించండి, రెండు రోజుల వాదనకు మధ్య ఆ చేయి రాసిన అక్షరాలు పిల్లలు చూడాలి.